నీటి కింది నేల: బహ్రెయిన్ సముద్ర సాగుపై సింహావలోకనం

హైదరాబాదు పత్తర్‌గట్టీలో పాత నగల గురించి తెలిసిన వ్యాపారిని మేలిరకం ముత్యం ఏదని అడిగితే ‘బస్రా’ అంటాడు. మన అమ్మమ్మల నాటి హారాల్లో ఉన్నవీ బస్రా ముత్యాలేనని ఇళ్ళలో చెప్పుకుంటాం. బస్రా ఒక రేవు పేరు మాత్రమే. ఆ ముత్యాలు పుట్టింది గల్ఫ్‌లోని లోతు తక్కువ నీళ్ళలో. అక్కడి చిప్పల మెట్టల్లో అన్నిటికన్నా పేరు మోసినవి బహ్రెయిన్ ద్వీపాల చుట్టూ ఉండేవి. బహ్రెయిన్ డైవరు ఊపిరి బిగబట్టి తెచ్చిన ముత్యం బొంబాయి బజారు దాటి నిజాం రాజ్యానికి చేరేది.

ఇవాళ అదే పత్తర్‌గట్టీలో అమ్ముడయ్యే ముత్యాల్లో ఎక్కువ భాగం చైనా మంచినీటి చెరువుల్లో సాగు చేసినవి. బహ్రెయిన్‌లో మాత్రం సాగు ముత్యాల వ్యాపారాన్ని చట్టం ఒప్పుకోదు. ప్రపంచమంతా చేపను, రొయ్యను, చిప్పను, నాచును సాగులోకి తెస్తున్న కాలంలో ఒక చిన్న ద్వీప దేశం సహజ ముత్యాన్ని పట్టుకుని నిలబడింది. అదే దేశం మరోపక్క హేచరీలో చేప పిల్లలను పుట్టించి సముద్రంలో వదులుతోంది. ఈ రెంటికీ మధ్య నాలుగు వేల ఏళ్ళ చరిత్ర ఉంది. కొల్లేటినీ కోనసీమ రొయ్యల చెరువులనూ ఎరిగిన తెలుగువాళ్ళం ఆ చరిత్రను ఒకసారి తిరిగి చూసుకోవాలి.

రెండు నీళ్ళ దేశం

‘బహ్రెయిన్’ అంటే అరబ్బీలో ‘రెండు సముద్రాలు’. ఆ పేరుకు చాలామంది చెప్పే అర్థం ఒకటుంది: ఒకటి ఉప్పు సముద్రం, రెండోది దాని అడుగున ఉబికే తీపి నీరు. ముహర్రఖ్ తీరంలో సముద్రపు అడుగు నుంచే మంచినీటి ఊటలు పైకి వచ్చేవి. డైవర్లు తోలు తిత్తులతో మునిగి తాగేనీళ్ళు నింపుకుని వచ్చేవారు. ఉప్పు నీటి నడుమ తీపి నీరు దొరికే చోట ఊళ్ళు వెలిశాయి, ఖర్జూరపు తోటలు పెరిగాయి.

క్రీస్తుపూర్వం 2000 ప్రాంతంలో ఈ నేలను దిల్మున్ అనేవారు. మెసొపొటేమియా నగరం ‘ఉర్’లో దొరికిన మట్టి పలకల్లో దిల్మున్ నుంచి వచ్చిన సరుకుల మధ్య ‘చేప కళ్ళు’ అనే మాట ఉంది. అవి ముత్యాలే అయి ఉంటాయని పండితుల ఊహ. సార్ గ్రామంలో తవ్విన దిల్మున్ కాలపు ఇళ్ళలో చేప ఎముకలు, చిప్పలు దండిగా బయటపడ్డాయి. తరువాత గ్రీకులు ఈ ద్వీపాన్ని తైలోస్ అన్నారు. రోమను రచయిత ప్లినీ దాన్ని ముత్యాలకు పేరుపడ్డ ద్వీపంగా రాశాడు. రాజ్యాలు మారినా ఇక్కడి బతుకుకు ఆధారం ఒక్కటే. మనిషి దిగగలిగినంత లోతులో, ఎండ అడుగుదాకా చేరే నీళ్ళలో పరుచుకున్న సముద్రపు నేల. గడ్డి మేటలు, పగడపు మెట్టలు, ఇసుక దిబ్బలు, మడ చెట్ల బురద కలిస్తేనే ఆ నేల.

ఇక్కడ చెప్పబోయేది ఆ నేల కథే. పడవలకు, వలలకు, నెలలకు, అప్పులకు నియమాలు పెట్టుకున్న సమాజం ఆ నేలకు నియమం పెట్టడం ఎప్పుడు మరిచిందో, ఎప్పుడు గుర్తుచేసుకుందో చూడాలి.

హద్రా: పాటు నీటి న్యాయం

బహ్రెయిన్‌లో చేప పట్టే పాత పద్ధతుల్లో అందమైనది హద్రా. ఖర్జూరపు మట్టలను వరసగా పాతి, తీరం నుంచి సముద్రంలోకి పొడవైన కంచె కడతారు. చివర బాణపు ములికి ఆకారంలో రెండు రెక్కలు, వాటి కొసన ఒక గది. పోటు నీటితో చేప ఒడ్డు దాకా మేతకు వస్తుంది. పాటు తీసినప్పుడు నీటితోపాటు వెనక్కి మళ్ళి, కంచె వెంబడి ఈదుతూ గదిలోకి చేరి ఆగిపోతుంది. నీరు మోకాలి లోతుకు దిగాక హద్రా యజమాని నడిచి వెళ్ళి, కావలసినవి బుట్టలో వేసుకుంటాడు. ఇంధనం అక్కర్లేదు, ఎర అక్కర్లేదు. చేప బతికే ఉంటుంది కాబట్టి చిన్నదాన్ని వదిలేయవచ్చు. కొల్లేటిలో వెదురు మావులు పెట్టినవాళ్ళకు ఈ తెలివి వేరే చెప్పనక్కర్లేదు.

హద్రాలో మరో విశేషం ఉంది. అది సముద్రంలో ఉన్న ఆస్తి. ఎక్కడ కట్టాలో, పక్క హద్రాకు ఎంత దూరం ఉండాలో ఆచారం చెప్పేది. తండ్రి నుంచి కొడుక్కి వచ్చేది. కొన్ని హద్రాలను మసీదుల కోసం, ధర్మకార్యాల కోసం వక్ఫ్‌గా రాసిచ్చారు. 1920ల పాలనా సంస్కరణల తరువాత భూములు నమోదు చేసినప్పుడు తోటలతోపాటు హద్రాలూ ఆ లెక్కల్లోకి ఎక్కాయి. ఆర్.బి. సెర్జెంట్ అనే అరబ్బీ పండితుడు 1968లో ప్రచురించిన వ్యాసం ఈ హద్రాలనూ వాటి పరిభాషనూ వివరంగా నమోదు చేసింది. నీళ్ళ కింది నేల ఎవరిదో స్పష్టంగా తెలిసిన వ్యవస్థ అది. ఎవరిదో తెలిసినప్పుడు దాన్ని చూసుకునే మనిషి కూడా ఉంటాడు.

తరువాతి రోజుల్లో ఖర్జూరపు మట్టల స్థానంలో వెదురు, ఇనుప జాలీ వచ్చాయి. జాలీ కన్ను చిన్నదైన కొద్దీ పిల్ల చేప కూడా దొరుకుతుంది. హద్రాలను ప్రభుత్వ లెక్కలు ఎంత తక్కువ పట్టించుకున్నాయో 2013లో తేలింది. కెనడాలోని బ్రిటిష్ కొలంబియా విశ్వవిద్యాలయానికి చెందిన దలాల్ అల్ అబ్దుల్ రజ్జాక్, డేనియల్ పాలీ గూగుల్ ఎర్త్ చిత్రాల్లో గల్ఫ్ తీరమంతటా ఉన్న ఇలాంటి కంచెలను లెక్కపెట్టారు. 2005 నాటికి సుమారు 1,900 ఉండవచ్చని, ఏడాదికి 31 వేల టన్నుల దాకా చేప వాటిలో పడుతుండవచ్చని అంచనా వేశారు. దేశాలన్నీ కలిసి ప్రకటించిన లెక్కకు అది దాదాపు ఆరు రెట్లు. ఆకాశం నుంచి కనబడే కంచె దస్త్రంలో కనబడలేదంటే నియంత్రణ ఎక్కడ మొదలు కావాలో తెలుస్తూనే ఉంది. ముందు లెక్క సరిగా ఉండాలి.

ముత్యాల వేటకు ఉన్న కట్టుబాటు

ఇరవయ్యో శతాబ్దం మొదట్లో బ్రిటిష్ అధికారి లోరిమర్ తయారుచేసిన గల్ఫ్ గెజిటీర్ ప్రకారం బహ్రెయిన్ నుంచి 900కు పైగా పడవలు, 17 వేలకు పైగా మనుషులు ముత్యాల వేటకు వెళ్ళేవారు. ఆనాటి జనాభాలో పనిచేయగల మగవాళ్ళలో అధిక భాగం వేసవి నాలుగు నెలలూ సముద్రం మీదే ఉండేవారన్నమాట. పడవ సరంగును నాఖుదా అనేవారు. మునిగేవాడు ఘైస్, పైనుంచి తాడు లాగేవాడు సైబ్, పాటతో శ్రమను నడిపించేవాడు నహ్హామ్, ముత్యాలు కొనే వర్తకుడు తవ్వాష్. ముక్కుకు ఫితామ్ అనే క్లిప్పు, వేళ్ళకు తోలు తొడుగులు, మెడకు తగిలించుకున్న బుట్ట, కాలికి రాయి. ఇంతే పరికరం.

వేటకు మొదలు ఉంది, ముగింపు ఉంది. వేసవిలో పడవలన్నీ కలిసి బయలుదేరే రోజును రక్బా అనేవారు. సీజను ముగిసిందని ప్రకటించి అందరూ ఒడ్డుకు మళ్ళే రోజు గఫ్ఫాల్. ఆ రెండు రోజుల మధ్యే అసలైన వేట. చలికాలపు నీళ్ళు మనిషిని దిగనివ్వవు కాబట్టి చిప్పకు ఏడాదిలో ఎక్కువ భాగం విశ్రాంతి దొరికేది. ఈ మెట్టలు ఏ ఒక్క పాలకుడివీ కావని, తీరవాసులందరికీ ఉమ్మడి హక్కు ఉందని ఆచారం. బయటి కంపెనీలను, యంత్రాలతో మునిగేవాళ్ళను ఈ మెట్టల మీదికి రానివ్వలేదు. మనిషి ఊపిరి ఎంతసేపు నిలిస్తే అంతే కోత. శరీరం మోయగలిగినంతే తీసుకునే ఆ పద్ధతి చిప్పల మెట్టను కొన్ని వందల ఏళ్ళు నిలిపింది.

అయితే ఆ కట్టుబాటు చిప్పను కాచినట్టు మనిషిని కాయలేదు. వేటకు ముందు నాఖుదా ఇచ్చే అడ్వాన్సు అప్పు అయ్యేది. అప్పు పెరిగేది, తీరేది కాదు. డైవరు చనిపోతే భారం కుటుంబం మీద పడేది. తగవులు తీర్చడానికి సాలిఫా అనే వేట న్యాయస్థానం ఉండేది గానీ, ఖాతా రాసేది నాఖుదా, దాన్ని చదవలేనివాడు డైవరు. 1923 నుంచి ప్రభుత్వం దీన్ని సరిదిద్దింది. ప్రతి డైవరుకూ రాతపూర్వక ఖాతా ఉండాలని, దాని ప్రతి అతని చేతికి ఇవ్వాలని నిబంధన పెట్టింది. ఆ సంస్కరణ తేలిగ్గా అమలు కాలేదు. అడ్వాన్సుల గొడవతో 1926లోనూ, 1932లోనూ డైవర్లు అలజడి చేశారు. నా దృష్టిలో బహ్రెయిన్ సముద్ర నియంత్రణ చరిత్రలో మొదటి ఆధునిక అధ్యాయం ఇదే. చేపను కాపాడే చట్టం కన్నా ముందు చేప పట్టేవాణ్ణి కాపాడే చట్టం వచ్చింది. ఈ రెండోది లేకుండా మొదటిది నిలవదని ఆ తరువాతి చరిత్ర కూడా చెబుతుంది.

ఆ సంస్కరణ ఫలితం చూపేలోగా మార్కెట్టే కూలింది. జపానులో మికిమోటో కోకిచి 1893లో మొదలుపెట్టిన సాగు ముత్యం 1920లకల్లా యూరపు నగల దుకాణాలకు చేరింది. 1929 మాంద్యం ధరలను విరిచేసింది. 1932 వేసవిలో జబల్ దుఖాన్ దగ్గర చమురు పడింది. గల్ఫ్‌లో అరబ్బుల వైపు అదే తొలి చమురు బావి. మునిగే మనుషులు ఒకరి తరువాత ఒకరు కంపెనీ జీతానికి వెళ్ళిపోయారు.

దేశం అప్పుడు తీసుకున్న నిర్ణయం అసాధారణమైనది. సాగు ముత్యాలను రానివ్వబోమని చట్టం చేసింది. ఆదాయం పోయినా ఆ మాట మీదే నిలబడింది. 2012లో యునెస్కో ముత్యాల వారసత్వాన్ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చినప్పుడు ముహర్రఖ్‌లోని 17 పాత భవనాలతోపాటు ఉత్తర సముద్రంలోని మూడు చిప్పల మెట్టలను కూడా చేర్చింది: హయ్ర్ బుల్ థామా, హయ్ర్ బూ అమామా, హయ్ర్ ష్తయ్యా. వాటి విస్తీర్ణం సుమారు 35 వేల హెక్టార్లు. 2017లో ముత్యాలను పరీక్షించి ధ్రువీకరించే దానత్ సంస్థ మొదలైంది. ఇప్పుడు లైసెన్సు తీసుకుని, పరిమితమైన సంఖ్యలో చిప్పలు తెచ్చుకోవచ్చు. వారసత్వం పేరున సముద్రపు నేలను కాపాడిన సందర్భం ఇది. దీన్ని మనసులో పెట్టుకుని తరువాతి కథ చూడాలి.

ట్రాల్ వల కాలం

చమురు డబ్బుతో ఇంజన్లు వచ్చాయి, ఐసు వచ్చింది, విమానాశ్రయం వచ్చింది. 1960ల చివర్లో బ్రిటిష్ భాగస్వామ్యంతో బహ్రెయిన్ ఫిషింగ్ కంపెనీ ఎగుమతి కోసం రొయ్యల వేట మొదలుపెట్టింది. గల్ఫ్ రొయ్యల్లో ముఖ్యమైనది పెనేయస్ సెమిసల్కేటస్ అనే జాతి. అది పిల్లగా తీరపు గడ్డి మేటల్లో, నాచులో దాక్కుని పెరిగి, పెద్దదయ్యాక లోతుకు వెళుతుంది. అడుగును దువ్వుకుంటూ పోయే ట్రాల్ వల రొయ్యతోపాటు గడ్డినీ, పిల్ల చేపనూ, చిప్పనూ ఎత్తేస్తుంది. రొయ్యల దిగుబడి పడిపోయింది. 1970ల చివరికి ఆ కంపెనీ మూతపడింది.

తరువాత చిన్న పడవల వంతు. లైసెన్సు బహ్రెయినీ పేరున, పని వలస కూలీల చేతుల్లో. తమిళనాడు, కేరళ, బంగ్లాదేశ్ తీరాల నుంచి వచ్చినవాళ్ళు ఈ పడవల మీద ఎక్కువ. మన తెలుగువాళ్ళు నిర్మాణ పనుల్లో, ఆఫీసుల్లో, ఇళ్ళలో ఎక్కువ కనిపిస్తారు. సెలవు రోజున మనామా సెంట్రల్ మార్కెట్‌లో సాఫీ చేపలు, రుబియాన్ రొయ్యలు బేరమాడేవాళ్ళలో వాళ్ళూ ఉంటారు. ఆ చేప వెనక ఉన్నదీ మనలాంటి వలస బతుకే. జీతం పట్టిన చేపలో వాటాగా ఉన్నప్పుడు, ఆ వాటా మీదే ఊళ్ళో అప్పు తీరాల్సి ఉన్నప్పుడు, నిషేధిత నెలలో కూడా వల వేయాలనిపిస్తుంది. గాలివాటున కొట్టుకుపోయో, చేప వెంటబడో ఖతార్, ఇరాన్ జలాల్లోకి వెళ్ళి నిర్బంధంలో చిక్కుకున్న భారతీయ మత్స్యకారుల వార్తలు మనం చదువుతూనే ఉన్నాం. 1923లో డైవరుకు ఇచ్చిన రాతఖాతా లాంటి రక్షణ ఈనాటి పడవ కూలీకి పూర్తిగా అందినప్పుడే వేట నియమాలు నిజంగా అమలవుతాయి.

హద్దుల మాటకొస్తే, బహ్రెయిన్, ఖతార్‌ల సముద్ర వివాదాన్ని అంతర్జాతీయ న్యాయస్థానం 2001 మార్చి 16న తేల్చింది. హవార్ ద్వీపాలు బహ్రెయిన్‌వన్నది. ముత్యాల మెట్టల మీద తనకు చిరకాల హక్కు ఉందని బహ్రెయిన్ వాదించింది. ఆ పరిశ్రమ ఆగిపోయి చాలాకాలం అయిందని, అది తీరవాసులందరి ఉమ్మడి హక్కుగానే నడిచిందని, అందువల్ల సరిహద్దు గీత దాన్ని బట్టి మారదని న్యాయస్థానం చెప్పింది. ఉమ్మడిగా వాడుకున్న నేల దేశాల మధ్య గీతలుగా విడిపోయింది. గీత దాటకూడదని చేపకు తెలియదు. అందుకే గల్ఫ్ తీర దేశాలన్నీ కలిసిన ప్రాంతీయ మత్స్య సంఘం (రెకోఫీ) ఐక్యరాజ్యసమితి ఆహార, వ్యవసాయ సంస్థ (ఎఫ్‌ఏవో) ఛత్రం కింద ఏర్పడింది. జలసాగు కూడా దాని పరిధిలోనే ఉంది.

పూడిపోయిన పిల్లల గది

వలలకన్నా పెద్ద గాయం మట్టితో తగిలింది. 1960ల్లో బహ్రెయిన్ విస్తీర్ణం 670 చదరపు కిలోమీటర్ల లోపు. ఇప్పుడు 780 దాటింది. పెరిగినదంతా సముద్రం నుంచి తీసుకున్నదే. ఇళ్ళు కావాలి, రేవులు కావాలి, పరిశ్రమలు కావాలి, జనం పెరుగుతున్నారు. ఆ అవసరం నిజమైనదే. అయితే పూడ్చిన చోటు ఏ ఖాళీ నీళ్ళూ కాదు. అది పోటుకు మునిగి పాటుకు తేలే అంచు. హద్రాలు నిలిచిన చోటు, రొయ్య పిల్ల దాక్కున్న చోటు.

తుబ్లీ ఉపసాగరం దీనికి గుర్తుగా నిలిచింది. ఒకప్పుడు సుమారు 25 చదరపు కిలోమీటర్లున్న ఆ నీటి తావు దాదాపు సగానికి కుంచించుకుపోయింది. దేశంలో మిగిలిన సహజ మడ చెట్లు అక్కడే, రాస్ సనద్ దగ్గర. 1997లో తుబ్లీనీ, హవార్ ద్వీపాలనూ రామ్‌సర్ చిత్తడి నేలలుగా ప్రకటించారు. ప్రకటన తరువాత కూడా అంచులను కొరుకుతూనే వచ్చారు, మురుగు శుద్ధి కేంద్రపు నీరు అందులోకే చేరింది. పగడాల ఫష్త్ అల్ అధ్మ్ మెట్ట చుట్టూ ఇసుక తవ్వకాలు సాగాయి. 1996లో, 1998లో సముద్రం వేడెక్కి అక్కడి పగడాలు తెల్లబడి చచ్చిపోయాయి. భూగర్భ జలాన్ని అతిగా తోడేయడంతో సముద్రపు అడుగున ఉబికిన తీపి ఊటలు అడుగంటాయి. రెండు నీళ్ళ దేశానికి ఒక నీరు దూరమైంది.

అన్నీ పోలేదు. 1986లో బహ్రెయిన్, ఖతార్‌ల మధ్య నీళ్ళలో 600కు మించిన సముద్రపు ఆవుల మంద ఒకటి కనిపించింది. అంత పెద్ద మందను అంతకు ముందు ఎవరూ నమోదు చేయలేదు. ఆస్ట్రేలియా తరువాత ఈ జంతువు పెద్ద సంఖ్యలో ఉన్నది గల్ఫ్‌లోనే. అది బతకడానికి కావలసింది సముద్రపు గడ్డి. అంటే హవార్ చుట్టూ ఆ నేల ఇంకా సజీవంగా ఉంది.

నెలల నియమాలు

2002లో వచ్చిన 20వ నంబరు శాసనం చేపల వేట, సముద్ర సంపద వినియోగం, రక్షణలకు చట్రం వేసింది. దాని కింద ఒక్కో జాతికీ ఒక్కో విరామం. రొయ్యల వేట ఫిబ్రవరి నుంచి జూలై దాకా ఆరు నెలలు ఆపుతున్నారు. పీతలకు మార్చి 15 నుంచి మే 15 దాకా. సాఫీ, షారి, అందగ్ చేపలకు ఏప్రిల్, మే నెలలు. 2018లో రొయ్యల ట్రాలింగ్‌ను అసలుకే నిషేధించారు. పడవ యజమానులు అభ్యంతరం చెప్పారు, పరిహారం మాట నడిచింది. చాటుమాటు ట్రాలింగ్‌ను కోస్ట్ గార్డు పట్టుకున్న వార్తలు ఇప్పటికీ వస్తున్నాయి. మన తూర్పు తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు మర పడవలు ఒడ్డునే ఉంటాయి. ఆ రెండు నెలల ఇంటి ఖర్చు ఎంత బరువో ఉప్పాడలోనో, నిజాంపట్నంలోనో అడిగితే చెబుతారు.

2018 నిషేధాన్ని నేను మనసారా సమర్థిస్తాను. నెలల నియమం చేపకు విరామం ఇస్తుంది. ట్రాలింగ్ నిషేధం నేలకు విరామం ఇస్తుంది. బహ్రెయిన్ వేట చట్టాల్లో నేల గురించి నేరుగా ఆలోచించిన పెద్ద అడుగు అదే.

రాస్ హయ్యాన్: పుట్టించిన పిల్లలు

దేశపు ఆగ్నేయ తీరంలో రాస్ హయ్యాన్ దగ్గర జాతీయ సముద్ర సాగు కేంద్రం ఉంది. హమ్మూర్, సుబైతీ, సాఫీ వంటి చేపల గుడ్లను పొదిగించి పిల్లలను పెంచి, కొన్నిటిని సముద్రంలోకి వదులుతారు, కొన్నిటిని పెంపకందార్లకు ఇస్తారు.

ఇది తేలికైన పని కాదు. హమ్మూర్ గల్ఫ్ భోజనానికి రాజు. అది మొదట ఆడగా పెరిగి, పెద్ద వయసులో మగగా మారే చేప. పెద్ద చేపలన్నిటినీ పట్టేస్తే మగవి కరువవుతాయి. గుడ్డు పగిలి వచ్చిన హమ్మూర్ పిల్ల నోరు ఎంత చిన్నదంటే అతి సన్నని జీవులను వెదికి మేతగా పెట్టాలి. కొంచెం ఎదిగాక ఒకదాన్నొకటి తినేస్తాయి కాబట్టి సైజుల వారీగా వేరుచేస్తూ ఉండాలి. భీమవరం వైపు హేచరీల్లో రాత్రింబవళ్ళు కాపు కాసే టెక్నీషియన్లకు ఈ కష్టం తెలుసు. సాఫీ సంగతి వేరు. అది నాచు తినే చేప. మాంసం తినే చేపను పెంచడానికి సముద్రం నుంచి మరింత చిన్న చేపను మేతగా తేవాలి. నాచు తినే చేపకు ఆ భారం తక్కువ. వేడి సముద్రంలో సాగు నిలవాలంటే సాఫీ లాంటి చేపల మీదే ఎక్కువ మనసు పెట్టాలి.

బహ్రెయిన్ చుట్టూ నీటి ఉప్పదనం మామూలు సముద్రం కన్నా ఎక్కువ. వేసవిలో నీరు 35 డిగ్రీలు దాటుతుంది. అంత వేడి నీటిలో ప్రాణవాయువు తగ్గుతుంది. సముద్రంలో కట్టిన వల పంజరాల్లో ఇరుకుగా పెరిగే చేప మొదట నష్టపోతుంది. 1999లో కువైట్ అఖాతంలో పంజరాల చేపలు ఎర్రపోటుకు, అంటే సూక్ష్మ నాచు విపరీతంగా పెరగడం వల్ల, చచ్చిపోయాయి. 2008-09లో మరో ఎర్రపోటు ఒమాన్, యూఏఈ, ఇరాన్ తీరాల్లో చేపలను చంపి, మంచినీటి తయారీ కేంద్రాలను కూడా ఆపేసింది. ఉప్పునీటిని మంచినీరుగా మార్చి బతికే దేశానికి ఆ ప్రమాదం రెట్టింపు. పంజరాల కింద పేరుకునే మేత, మలం ఎర్రపోటుకు ఎరువవుతాయి. కాబట్టి పంజరానికి లైసెన్సు ఇచ్చే ముందు అడగాల్సిన ప్రశ్న ఎన్ని టన్నులు పండుతాయని కాదు, ఆ చోటు ఎంత మోయగలదని.

చిప్పలూ నాచూ ఇందుకే పనికొస్తాయి. చిప్ప నీటిని వడగట్టి తింటుంది. నాచు నీటిలోని అధిక పోషకాలను పీల్చుకుంటుంది. రెంటికీ మేత వేయనక్కర్లేదు. 2022లో ప్రపంచంలో పెంచిన జలజీవాల దిగుబడి 9.44 కోట్ల టన్నులు. తొలిసారి వేటను దాటింది. నాచు, ఆల్గే మరో 3.65 కోట్ల టన్నులని ఎఫ్‌ఏవో లెక్క. నాచు సాగులో కూడా జాగ్రత్త కావాలి. రామేశ్వరం వైపు పరాయి జాతి కప్పాఫైకస్ నాచును సాగు చేసినప్పుడు అది కురుసడై ద్వీపం దగ్గర పగడాల మీదికి పాకింది. బహ్రెయిన్ ఈ దారిన వెళితే స్థానిక జాతులతోనే వెళ్ళాలి. దాని సొంత చిప్ప ‘మహ్హార్’, శాస్త్రనామం పింక్టాడా రేడియాటా, ఇప్పటికే ఆ వేడికీ ఆ ఉప్పుకూ అలవాటు పడినది.

మన అద్దంలో

1990ల మొదట్లో మన తీరంలో టైగర్ రొయ్య సిరులు కురిపించింది. 1994-95లో తెల్లమచ్చ వైరస్ చెరువులను ఖాళీ చేసింది. 1996 డిసెంబరు 11న సుప్రీంకోర్టు జగన్నాథన్ కేసులో తీర నియంత్రణ మండలంలోని రొయ్యల చెరువుల మీద కఠినమైన తీర్పు ఇచ్చింది. 2005లో కోస్టల్ ఆక్వాకల్చర్ అథారిటీ చట్టం వచ్చింది. 2009 నుంచి వెనామీ రొయ్య వచ్చి మళ్ళీ చెరువులు నిండాయి. కొల్లేరు 2002లో రామ్‌సర్ తావు అయింది. 2006లో ఆపరేషన్ కొల్లేరు పేరుతో అభయారణ్యంలోని చెరువు గట్లను పేల్చేశారు. తుబ్లీని ఇళ్ళ కోసం మట్టితో పూడ్చారు, కొల్లేటిని చేపల చెరువుల కోసం గట్లతో ముక్కలు చేశారు. రెండుచోట్లా రామ్‌సర్ బోర్డు ఆలస్యంగా వచ్చింది.

నార్వే మరో దారి చూపింది. 2017 నుంచి తీరాన్ని 13 మండలాలుగా విభజించి, సాల్మన్ పెంపకం వల్ల అడవి సాల్మన్‌కు పేల బెడద ఎంతుందో కొలిచి, పచ్చ, పసుపు, ఎరుపు రంగులు వేస్తున్నారు. పచ్చ మండలంలో సాగు పెంచవచ్చు, ఎరుపులో తగ్గించాలి. పెంచిన చేప గురించిన నిర్ణయాన్ని అడవి చేప ఆరోగ్యాన్ని బట్టి తీసుకోవడం అందులోని ధర్మం. తుబ్లీ గడ్డి మేటల్లో రొయ్య పిల్లల లెక్కను బట్టి గల్ఫ్ పంజరాలకు, కొల్లేటి అభయారణ్యం లోపల పక్షుల, చేపల లెక్కను బట్టి చుట్టుపక్కల చెరువులకు అనుమతులిచ్చే రోజు రావాలని నా కోరిక.

మిగిలిన ఒక ఒడ్డు

తిరిగి చూస్తే ఒక వరస కనబడుతుంది. ఖర్జూరపు మట్టల కాలంలో సముద్రపు నేలకు యజమాని ఉన్నాడు. ముత్యాల కాలంలో ఉమ్మడి ఆచారం ఉంది. ట్రాలర్ల కాలంలో పడవలకు లైసెన్సు ఉంది గానీ నేల అనాథ అయింది. పూడిక కాలంలో ఆ నేలకు ఇళ్ళ స్థలంగా మాత్రమే ధర పలికింది. మొన్నటి ట్రాలింగ్ నిషేధంతో, హయ్ర్ మెట్టల రక్షణతో, 2035 నాటికి మడ చెట్లను నాలుగింతలు చేస్తామని 2021లో ఇచ్చిన మాటతో నేల మళ్ళీ లెక్కలోకి వస్తోంది. హేచరీ ఎన్ని లక్షల పిల్లలను పుట్టించినా వాటిని పెంచడానికి ఒక గది కావాలి. ఆ గదిని తుబ్లీలు, హవార్‌లు, ఫష్త్‌లు మాత్రమే ఇవ్వగలవు.

ముహర్రఖ్‌లో ముత్యాల బాట అనే నడక దారి ఉంది. వర్తకుల ఇళ్ళు, నాఖుదాల ఇళ్ళు, డైవరు ఇల్లు చూస్తూ దక్షిణానికి నడిస్తే బూ మాహిర్ కోట దగ్గర ఒడ్డు వస్తుంది. పడవలు వేటకు బయలుదేరిన చోటు అది. చుట్టూ అంతా పూడ్చిన నేల. ముహర్రఖ్ పాత తీరంలో పూడకుండా మిగిలినది ఆ కొద్ది మేరే. వారసత్వ జాబితాలోకి ఎక్కినందువల్ల దాన్ని ఇప్పుడు ఎవరూ కదిలించరు. అక్కడ పోటు వస్తుంది, పాటు తీస్తుంది, తడి ఇసుక బయటపడుతుంది. ఆ తడి ఇసుకకు ఉన్నంత చట్టరక్షణ, పిల్ల రొయ్య పెరిగే ప్రతి గడ్డి మేటకూ దొరకాలి. అప్పుడే అక్కడి సాగుకైనా, మన సాగుకైనా కాళ్ళ కింద నేల ఉంటుంది.